100వ నిమిషం, 16వ నిమిషం

స్పెయిన్ దక్షిణాన ఉన్న సెవిల్లా నగరంలో, రామోన్ సాంచెజ్ పిజ్వాన్ స్టేడియంలో, సొంత జట్టు ఆడే మ్యాచ్‌లో 16వ నిమిషం రాగానే, ఆట ఎటు నడుస్తున్నా, స్కోరు ఎంతున్నా, జనం చప్పట్లు అందుకుంటారు. ఆ చప్పట్లు మొదటిసారి టీవీలో విన్నప్పుడు నేను వంటింట్లో టీ పెట్టుకుంటున్నాను. గోల్ పడిందనుకుని పరుగెత్తుకొచ్చి చూస్తే, తెర మీద ఎవరో తాపీగా బంతి తుడుచుకుని త్రో-ఇన్ వేస్తున్నారు. ఆ చప్పట్లు ఆటలో జరుగుతున్న దేనికీ సంబంధించినవి కావని, 2007 ఆగస్టు 28న 22 ఏళ్ళ వయసులో చనిపోయిన అంతోనియో పుయెర్తా అనే ఆటగాడి కోసమని, అతను వేసుకున్న చొక్కా నంబరు 16 అని ఆ తరువాత తెలుసుకున్నాను.

తెలుసుకున్నకొద్దీ నాకు ఒక చిరాకు కూడా మొదలైంది. పుయెర్తా గురించి రాసేవారు ఎక్కడ మొదలుపెట్టినా చివరికి విధి దగ్గరికి వచ్చి ఆగుతారు. 2006లో ఒక సెమీ ఫైనల్ 100వ నిమిషంలో పడిన ఆ ఒక్క గోల్ కొట్టడానికే పుట్టాడని ఒకరంటారు, ఇచ్చిన చేత్తోనే దేవుడు తీసుకుపోయాడని మరొకరంటారు. తలరాత, ఆయుష్షు తీరడం వంటి మాటలు పుట్టుకతోనే వచ్చిన భాష మనది కాబట్టి, మనకు ఇటువంటి కథ వినగానే అర్థమైపోయినట్టు ఉంటుంది. నా అభ్యంతరం సరిగ్గా ఆ అర్థమైపోవడం మీదే. ఆ గోల్ వెనక ఏళ్ళ తరబడి చేసిన పని ఉంది. ఆ చావు వెనక వైద్యులు పేరు పెట్టి, పరీక్షలు కనిపెట్టి, లెక్కలు కట్టిన ఒక జబ్బు ఉంది. రెండింటినీ ఒకే మూటగా కట్టి నుదుటిరాత అని అటక మీద పెట్టేస్తే, ఆడినవాడికీ అన్యాయం జరుగుతుంది, ఇంకా ఆడుతున్న పిల్లలకూ అన్యాయం జరుగుతుంది.

ముందు పని సంగతి చూద్దాం. సెవిల్లా క్లబ్ 1890 నాటిది. 1946లో ఒక్కసారి స్పానిష్ లీగ్ గెలిచింది, 1948లో స్పెయిన్ జాతీయ కప్పు కోపా దెల్ రే గెలిచింది, ఆ తరువాత 58 ఏళ్ళ పాటు చెప్పుకోదగ్గ కప్పు ఏదీ ఆ ఇంటి గడప తొక్కలేదు. తాతలు చూసిన గెలుపును తండ్రులు కథగా విన్నారు, మనవలు ఆ కథ విని విని విసిగిపోయారు. 2000లో క్లబ్ రెండో డివిజన్‌కు పడిపోయినప్పుడు, అంతకుముందు అదే జట్టుకు గోల్‌కీపర్‌గా ఆడిన మోంచీని స్పోర్టింగ్ డైరెక్టర్‌గా పెట్టుకున్నారు. ఆయన పద్ధతి పేదింటి గృహిణి పద్ధతి: పెరట్లో కాసింది వండు, మిగిలింది మంచి ధరకు అమ్ము, ఆ డబ్బుతో అవసరమైనది చవగ్గా కొనుక్కో. క్లబ్ సొంత అకాడమీయే ఆ పెరడు. అక్కడ పెరిగిన హొసే అంతోనియో రేయెస్ 2004 జనవరిలో ఆర్సెనల్‌కు వెళ్ళాడు, 2005లో సెర్హియో రామోస్ రియల్ మాడ్రిడ్‌కు వెళ్ళాడు. రేయెస్ వెళ్ళిన రెండు నెలలకు, 2004 మార్చిలో, మాలగా జట్టుతో జరిగిన మ్యాచ్‌లో కోచ్ హొయాకిన్ కపర్రోస్ ఇంకో ఎడమకాలి కుర్రవాడిని మొదటిసారి లీగ్ ఆటకు దింపాడు. ఆ కుర్రవాడే పుయెర్తా. 1984 నవంబరు 26న అదే ఊళ్ళో పుట్టాడు, అదే క్లబ్ పిల్లల జట్లలో ఆడుతూ పెరిగాడు.

అతను మొదటినుంచీ తారగా వెలగలేదు. ఈ మాట చెప్పడం అవసరం, ఎందుకంటే సంస్మరణ వ్యాసాలు దీన్ని తప్పించుకుంటాయి. అతని అసలు చోటు ఎడమ వింగ్; కానీ ఆ చోటుకు బ్రెజిల్ ఆటగాడు అద్రియానో ఉన్నాడు. అందుకని అవసరాన్ని బట్టి వెనక్కి జరిగి లెఫ్ట్ బ్యాక్‌గా ఆడాడు, బెంచీ మీద కూర్చున్నాడు, మళ్ళీ ముందుకు వచ్చాడు. స్పెయిన్ జాతీయ జట్టుకు ఆడింది ఒక్కటే మ్యాచ్: 2006 అక్టోబరు 7న స్టాక్‌హోమ్‌లో స్వీడన్ మీద సబ్‌స్టిట్యూట్‌గా దిగాడు, ఆ మ్యాచ్ స్పెయిన్ 2-0తో ఓడింది. అంకెలు మాత్రమే చూసేవారికి ఇది మామూలు కెరీర్. రెండు చోట్ల ఆడగలిగినవాడు కోచ్‌కు ఎంత అక్కరకొస్తాడో, ఆ అక్కరకు రావడమే అతనికి స్థిరమైన చోటు లేకుండా ఎలా చేస్తుందో, ఏ ఆటలో చూసినా తెలుస్తుంది. మన క్రికెట్‌లో 'ఎక్కడైనా ఆడతాడు' అని పేరుపడిన బ్యాట్స్‌మన్‌ల గతి చూడండి.

ఇక 2006 ఏప్రిల్ 27. యూరప్ క్లబ్బుల పోటీ యూఎఫా కప్ సెమీ ఫైనల్ రెండో అంచె, ప్రత్యర్థి జర్మనీ జట్టు షాల్కే. మొదటి అంచె జర్మనీలో 0-0గా ముగిసింది. ఆ గురువారం సెవిల్లాలో ఏప్రిల్ ఫేరియా నడుస్తోంది. ఫేరియా అంటే మన తిరునాళ్ళకు రాజసం తొడిగినట్టు ఉంటుంది. వారం పాటు చారల గుడారాలు, కాగితపు లాంతర్లు, గుర్రపు బగ్గీలు, చుక్కల గౌన్లు, తెల్లవార్లూ పాటలు. ఒక పక్క ఆ సందడి, ఇంకో పక్క స్టేడియంలో 90 నిమిషాలు గడిచినా గోల్ లేదు. అదనపు సమయం మొదలైంది. 100వ నిమిషంలో కుడివైపు నుంచి హెసూస్ నవాస్ క్రాస్ వేశాడు. బంతి పెనాల్టీ బాక్సులోని గుంపునంతా దాటుకుని ఎడమ అంచుకు వచ్చింది. అక్కడ పుయెర్తా ఉన్నాడు. బంతిని ఆపలేదు, నేల తాకనివ్వలేదు, ఒంటిని కాస్త వాల్చి ఎడమకాలితో వాలీ కొట్టాడు. అది గోల్‌కీపర్ ఫ్రాంక్ రోస్ట్‌ను దాటి అవతలి మూలకు వెళ్ళిపోయింది.

ఈ గోల్‌ను నేను ఎన్నిసార్లు చూశానో లెక్కలేదు. చూసిన ప్రతిసారీ నా కన్ను తన్నిన క్షణం మీద కన్నా, అంతకు ముందు అతను నిలబడిన చోటు మీదే ఆగుతుంది. కోచ్ హువాండే రామోస్ జట్టులో దాడులు ఎక్కువగా కుడివైపు నుంచి, దానియెల్ అల్వెస్, నవాస్ నడిచే దారిలోనే లేచేవి. అటువంటి జట్టులో ఎడమవైపు ఆడేవాడికి ఒక విసుగు పుట్టించే బాధ్యత ఉంటుంది. కుడివైపు క్రాస్ పడబోతోందని అనిపించిన ప్రతిసారీ అవతలి స్తంభం దరిదాపులకు చేరుకోవాలి; పదిసార్లలో తొమ్మిదిసార్లు బంతి అక్కడిదాకా రాదు, వచ్చిన దారినే వెనక్కి పరుగెత్తాలి. 100 నిమిషాలు అయ్యాక, కాళ్ళు బరువెక్కాక, రాని బంతి కోసం మరొకసారి ఆ చోటుకు వెళ్ళాలంటే దానికి కావలసింది దైవానుగ్రహం అని నేను అనుకోను. ఇక గాల్లో వస్తున్న బంతిని గోల్‌కు అడ్డంగా కొట్టే ఆ ఎడమకాలి నేర్పు అకాడమీ మైదానాల్లో ఏళ్ళ తరబడి సాన పట్టినది. సెవిల్లా అభిమానులు దానిని వజ్రాల ఎడమకాలు అన్నారు. వజ్రమూ సాన పట్టనిదే మెరవదు.

తరువాతి సంగతులు త్వరగా చెప్పుకోవచ్చు. మే 10న ఐండ్‌హోవెన్‌లో మిడిల్స్‌బ్రో మీద 4-0తో యూఎఫా కప్, ఆగస్టులో మొనాకోలో బార్సిలోనా మీద 3-0తో యూరోపియన్ సూపర్ కప్, 2007 మేలో మళ్ళీ యూఎఫా కప్, జూన్‌లో కోపా దెల్ రే, ఆగస్టులో రియల్ మాడ్రిడ్ మీద స్పానిష్ సూపర్ కప్. 58 ఏళ్ళ కరువు తరువాత 15 నెలల్లో అయిదు కప్పులు. ఇందులో 2007 మే 16న గ్లాస్గోలో ఎస్పాన్యోల్‌తో జరిగిన ఫైనల్ 2-2 వద్ద ఆగి పెనాల్టీలకు వెళ్ళింది. ఆ షూటౌట్‌లో సెవిల్లా తరఫున చివరగా పడిన గోల్ పుయెర్తాదే. దాని వెంటనే గోల్‌కీపర్ పాలోప్ మూడో పెనాల్టీని ఆపడంతో కప్పు సెవిల్లాదైంది. ఆ రాత్రి ఎదుటి జట్టు రక్షణలో దానీ హార్కె అనే కుర్రవాడు ఆడాడు. అతని పేరు మళ్ళీ వస్తుంది.

2007 ఆగస్టు 25, శనివారం, కొత్త సీజన్‌లో మొదటి లీగ్ మ్యాచ్, సొంత మైదానం, ప్రత్యర్థి హెతాఫె. మొదటి సగం ఇంకా ముగియలేదు. పుయెర్తా తమ గోల్ వైపు వెనక్కి నెమ్మదిగా పరుగెత్తుతూ వచ్చాడు, ఆగాడు, మోకాళ్ళు వంచి గొంతుకూర్చున్నాడు, అలాగే ఒరిగిపోయాడు. ఎవరూ అతన్ని తాకలేదు. ముందుగా గమనించిన సహచరులు ద్రాగుతినోవిచ్, పాలోప్ పరుగెత్తుకొచ్చారు. నాలుక గొంతులోకి మడతపడుతుందన్న భయంతో నోట్లో వేళ్ళు పెట్టారు. కొద్దిసేపటికి తెలివి వచ్చింది. లేచి నిలబడ్డాడు, తన కాళ్ళ మీద తనే నడుచుకుంటూ మైదానం బయటికి వెళ్ళాడు, జనం హమ్మయ్య అనుకుని చప్పట్లు కొట్టారు. డ్రెస్సింగ్ రూములో మళ్ళీ కూలిపోయాడు. వీర్హెన్ దెల్ రొసీయో ఆసుపత్రికి చేర్చే దారిలోనూ, చేర్చాకా గుండె పదే పదే ఆగింది. మూడో రోజు మధ్యాహ్నం చనిపోయాడు. ఆ మ్యాచ్ సెవిల్లా 4-1తో గెలిచింది.

ఆ నడక నన్ను వదలదు. మనిషి తన కాళ్ళ మీద నడిచి వెళ్ళాడంటే గండం గడిచిందని మనందరి లెక్క. గుండె లయ తప్పి పడిపోయినవాడు ఒకసారి లేచినంత మాత్రాన ఆ లయ కుదురుకున్నట్టు కాదని, ఏ నిమిషంలోనైనా మళ్ళీ తప్పవచ్చని ఆ రోజు చప్పట్లు కొట్టినవారికి తెలియదు. వారి చోట ఉంటే నేనూ కొట్టేవాణ్ణే. నాలుక సంగతీ అంతే. నాలుక మింగేయడం అనేది జరగని పని. గుండె ఆగినవాడికి కావలసింది ఛాతీ మధ్యలో బలంగా, ఆగకుండా నొక్కడం, వీలైనంత త్వరగా విద్యుత్ షాక్ ఇచ్చే ఏఈడీ యంత్రాన్ని తగిలించడం. దీన్ని చెప్పి ఆ సహచరులను తప్పుపట్టే అర్హత నాకు లేదు. కొన్నేళ్ళ కింద, హైదరాబాదులో మేము సాయంత్రాలు షటిల్ ఆడుకునే చోట ఒక పెద్దాయన సర్వీసు చేయబోతూ కూలబడ్డారు. అక్కడున్న ఎనిమిది మందిలో ఒకరు ఆయన గుప్పిట్లో తాళాల గుత్తి పెట్టారు, ఒకరు ఉల్లిపాయ కోసం పరుగెత్తారు, నేను ఫోన్ పట్టుకుని ఎవరికి చేయాలో తోచక నిలబడ్డాను. ఆయనకు చక్కెర పడిపోవడం తప్ప మరేమీ కాకపోవడం మా అదృష్టం. చూశారా, వద్దనుకున్న మాటకు చుట్టం వరసైనది నా రాతలోకీ దూరింది.

పుయెర్తాకు ఉన్న జబ్బు పేరు అరిథ్మోజెనిక్ రైట్ వెంట్రిక్యులర్ కార్డియోమయోపతీ. పేరు పెద్దది గానీ విషయం చెప్పుకోవచ్చు. గుండె కండరంలోని కణాలను ఒకదానికొకటి కుట్టు వేసినట్టు పట్టి ఉంచే ప్రోటీన్లు కొన్ని ఉంటాయి. వంశపారంపర్యంగా వచ్చే జన్యుదోషం వల్ల ఈ కుట్లు బలహీనంగా ఉంటే, గుండె మీద భారం పడిన కొద్దీ, ముఖ్యంగా పలుచని గోడలున్న కుడి జఠరికలో, అంటే గుండె కుడివైపు కింది గదిలో, అవి సడలుతూ వస్తాయి. చనిపోయిన కండరం స్థానంలో కొవ్వు, పీచు కణజాలం చేరుతాయి. గుండెను నడిపే విద్యుత్తుకు దారిలో గోతులు పడ్డట్టవుతుంది, అది సుడి తిరుగుతుంది, లయ తప్పుతుంది. ఏళ్ళ తరబడి చేసే కఠినమైన శారీరక శ్రమ ఈ జబ్బును త్వరగా ముదరబెడుతుందని వైద్యశాస్త్రం ఇప్పుడు స్పష్టంగా చెబుతోంది. అంటే, అవతలి స్తంభం దగ్గరికి వెళ్ళి రావడం అని నేను పైన మెచ్చుకున్న ఆ పరుగులే లోపల కుట్లు కూడా విప్పుతూ ఉండవచ్చు. నా వాదనలో నాకే గుచ్చుకునే ముల్లు ఇది, దీన్ని దాచి వ్యాసం నడపడం నాకిష్టం లేదు.

ఇటలీలో 1982 నుంచి ఒక చట్టం ఉంది. పోటీ క్రీడల్లో పాల్గొనే ప్రతివారూ ఈసీజీతో సహా వైద్య పరీక్ష చేయించుకుని ధ్రువపత్రం తెచ్చుకోవాలి, లేకపోతే ఆడనివ్వరు. ఆ దేశపు ఈశాన్యాన ఉన్న వెనెతో ప్రాంతంలో పాదువా వైద్యులు లెక్కలు కట్టి 2006లో ప్రచురించారు: యువ క్రీడాకారుల్లో హఠాత్ గుండె మరణాలు 1979-80లో ఏడాదికి లక్షకు 3.6 ఉండగా, 2003-04 నాటికి 0.4కు తగ్గాయి. సుమారు 89 శాతం తగ్గుదల. ఎక్కువగా తగ్గినవి పుయెర్తాకు వచ్చినటువంటి కండర జబ్బుల వల్ల వచ్చే మరణాలే. పరీక్ష పెడితే ఇంతగా మారేదాన్ని విధి అనడానికి నాకు నోరు రాదు.

అయితే పరీక్ష ఉంటే చాలు, అందరూ బతుకుతారు అని రాసి సంబరపడిపోవడానికి ఇంగ్లండు లెక్కలు ఒప్పుకోవు. అక్కడ ఫుట్‌బాల్ సంఘం 1996 నుంచి 2016 వరకు 11,168 మంది కుర్ర ఆటగాళ్ళ గుండెలను ఈసీజీ, ఎకో రెండింటితోనూ పరీక్షించింది. ప్రాణాపాయం ఉన్న జబ్బులు 42 మందిలో దొరికాయి. పరీక్ష చేయించుకున్నవారిలో తరువాతి కాలంలో గుండె జబ్బుతో చనిపోయినవారు 8 మంది. వారిలో 6 మందికి పరీక్షలో ఏ దోషమూ కనిపించలేదు. కండరాల జబ్బులు వయసుతో పాటు బయటపడతాయి. 16 ఏళ్ళకు శుభ్రంగా ఉన్న ఈసీజీ 22 ఏళ్ళకు హామీ పత్రం కాదు. కాబట్టి నేను అడిగేది ఒక్కసారి చేసి బీరువాలో పెట్టే పరీక్ష కాదు. కొన్నేళ్ళకొకసారి మళ్ళీ చేయాలి, ఇంట్లో ఎవరైనా చిన్న వయసులో హఠాత్తుగా పోయి ఉంటే ఆ సంగతి అడగాలి, ఆడుతూ ఒక్కసారి స్పృహ తప్పినా దాన్ని ఎండదెబ్బ అని వదిలేయకూడదు, మైదానం పక్కనే ఏఈడీ, దాన్ని వాడగలిగిన మనిషి ఉండాలి. 2012 మార్చిలో లండన్‌లో కూలిన ఫాబ్రిస్ మువాంబా గుండె 78 నిమిషాలు పనిచేయలేదు, అయినా బతికాడు. 2021 జూన్‌లో కోపెన్‌హేగన్‌లో కూలిన క్రిస్టియన్ ఎరిక్సన్‌కు మైదానంలోనే షాక్ ఇచ్చారు, బతికాడు, మళ్ళీ ఆడాడు కూడా.

ఆ ఎరిక్సన్ కథలోనే ఎదుటి పక్షం వాదన కూడా ఉంది. లయ తప్పితే షాక్ ఇచ్చే యంత్రాన్ని అతని ఛాతీలో అమర్చారు; అటువంటి యంత్రం ఉన్నవాడిని ఇటలీ నియమాలు ఆడనివ్వవు కాబట్టి అతను ఇంటర్ మిలాన్‌ను వదులుకుని ఇంగ్లండు వెళ్ళి బ్రెంట్‌ఫర్డ్‌కు ఆడాల్సి వచ్చింది. కఠినమైన నియమం ఆడగలిగినవారిని కూడా ఆపుతుంది. ఇంకొంచెం ముందుకు వెళితే, 18 ఏళ్ళ పుయెర్తాలో ఆ జబ్బు కనిపెట్టి ఉంటే 2006 ఏప్రిల్ 27 ఉండేదే కాదని, సెవిల్లా చరిత్రే మారిపోయేదని, ఆ కుర్రవాడిని అడిగితే ఆడటమే కోరుకునేవాడని అనేవారున్నారు. ఈ వాదనలో ఉన్న మాధుర్యం నాకు తెలుసు, అందుకే దాన్ని నమ్మను. ఒకరి ప్రాణాన్ని తూకం రాయిగా పెట్టి గోల్ విలువ కట్టే బేరం ఎప్పుడూ గ్యాలరీలో కూర్చున్నవారే చేస్తారు. రియల్ మాడ్రిడ్ ఆటగాడు రూబెన్ దె లా రెద్ 2008 జూన్‌లో స్పెయిన్‌తో యూరో కప్ గెలిచాడు, అదే ఏడాది అక్టోబరు 30న ఇరూన్‌లో కోపా మ్యాచ్ ఆడుతూ కూలిపోయాడు, మళ్ళీ ఆడలేదు, 2010లో 25 ఏళ్ళకే రిటైర్మెంటు ప్రకటించాడు. అతని పేర ఏ నిమిషంలోనూ చప్పట్లు మోగవు. అతను ఆ తరువాత కోచ్ అయ్యాడు. నన్నడిగితే ఈ ముగింపే మెరుగు, చప్పట్లు లేకపోయినా.

హార్కె పేరు మళ్ళీ వస్తుందని అన్నాను. గ్లాస్గోలో పుయెర్తాకు ఎదురుగా ఆడిన ఆ కుర్రవాడు ఎస్పాన్యోల్ కెప్టెన్ అయిన కొద్ది రోజులకే, 2009 ఆగస్టు 8న, ఫ్లోరెన్స్ దగ్గర జట్టు బస చేసిన హోటల్ గదిలో గుండె ఆగి పోయాడు. వయసు 26. 2010 ప్రపంచకప్ ఫైనల్లో గోల్ కొట్టిన స్పెయిన్ ఆటగాడు ఇనియెస్తా చొక్కా విప్పి చూపించిన బనియన్ మీద ఉన్నది అతని పేరే. పుయెర్తా బొమ్మ ఉన్న బనియన్‌ను అంతకు రెండేళ్ళ ముందు, వియన్నాలో యూరో కప్ అందుకున్న రాత్రి, అకాడమీ నేస్తం సెర్హియో రామోస్ వేసుకున్నాడు. జాతీయ జట్టులో 15 నంబరు చొక్కా అతను తొడుక్కున్నదీ పుయెర్తా జ్ఞాపకంగానే. గ్లాస్గోలో ఒకే రాత్రి ఒకే పచ్చిక మీద ఆడిన ఇద్దరు ఆరోగ్యవంతులుగా కనిపించే యువకులు 27 నెలలు తిరక్కుండా గుండె ఆగి చనిపోతే, దాన్ని యాదృచ్ఛికం అనవచ్చు, ఒప్పుకుంటాను. కానీ స్పెయిన్ క్లబ్బులు ఆ యాదృచ్ఛికాన్ని చూసి గుండె పరీక్షల మీద మునుపటి కన్నా శ్రద్ధ పెట్టాయంటే, అది విధిని నమ్మినవారు చేసే పని కాదు.

సంతాపం సంగతి కూడా ఒక మాట. 2007 ఫిబ్రవరిలో అదే ఊరి రెండో క్లబ్ బేటిస్ మైదానంలో జరిగిన కోపా మ్యాచ్‌లో ఎవరో విసిరిన సీసా తగిలి సెవిల్లా కోచ్ హువాండే రామోస్ స్పృహ తప్పాడు. మ్యాచ్ ఆపేసి, మిగిలిన భాగాన్ని తరువాత హెతాఫె స్టేడియంలో ప్రేక్షకులు లేకుండా ఆడించారు. ఉప్పూ నిప్పుగా ఉన్న ఆ రెండు క్లబ్బుల పెద్దలు ఆరు నెలల తరువాత పుయెర్తా భౌతికకాయం దగ్గర కౌగిలించుకున్నారు. ఆగస్టు 31న మొనాకోలో సెవిల్లాతో సూపర్ కప్ ఆడిన ఇటలీ క్లబ్ మిలాన్ ఆటగాళ్ళు తమ చొక్కాల వెనక తమ పేర్లకు బదులు పుయెర్తా పేరు వేసుకుని వచ్చారు. 3-1తో గెలిచి, సంబరాలు చేసుకోలేదు.

16 నంబరును ఎవరికీ ఇవ్వకూడదని క్లబ్ అనుకుంది గానీ, మొదటి జట్టు 1 నుంచి 25 వరకు నంబర్లే వాడాలన్న లీగ్ నిబంధన అడ్డొచ్చింది. అందుకని ఆ చొక్కా మళ్ళీ మైదానంలోకి వచ్చింది. 100వ నిమిషంలో ఆ క్రాస్ వేసిన హెసూస్ నవాస్ 2013లో మాంచెస్టర్ సిటీకి వెళ్ళి, 2017లో తిరిగి వచ్చి, చివరి ఏళ్ళన్నీ ఆ 16 నంబరు వేసుకునే ఆడాడు. 2024 డిసెంబరులో ఆట మానేశాడు. అప్పటికి అతనికి 39 ఏళ్ళు. పుయెర్తా అతనికన్నా సరిగ్గా ఒక ఏడాది పెద్ద, అయిదు రోజులు తక్కువ.